ధిక్కరణ పిటిషన్‌కు ఉన్న ఏడాది గడువు, ఆఫీసుల చుట్టూ కరిగిపోయే నెలలు

హైకోర్టులో రిట్ (ప్రభుత్వాధికారుల చర్యను ప్రశ్నిస్తూ వేసే పిటిషన్) గెలిచినవాళ్లు, ఉత్తర్వు చేతికొచ్చాక దాని అమలు కోసం ఆఫీసుల చుట్టూ తిరుగుతూ విలువైన కాలం పోగొట్టుకోవడం నేను దగ్గరగా చూస్తున్నాను. ఉపాధ్యాయుడిగా రిటైరైన మా బాబాయికి రావలసిన బకాయిలను ఎనిమిది వారాల్లో చెల్లించాలని ఉత్తర్వు వచ్చింది. ఆయన సర్టిఫైడ్ కాపీ జతచేసి వినతిపత్రం ఇస్తే, తపాలా తీసుకునే గుమాస్తా తేదీ ముద్ర కొట్టి నకలు తిరిగిచ్చాడు. గడువు దాటాక ఇంకో వినతిపత్రం, ఇంకో ముద్ర. "ఫైలు పైకి వెళ్లింది మాస్టారూ, అప్పీలుకు ఆలోచిస్తున్నారు, కాస్త ఓపిక పట్టండి" అని ప్రతిసారీ ఎంతో మర్యాదగా చెప్పి పంపేవారు.

కోర్టు ఉత్తర్వును కావాలని పాటించకపోతే అది ధిక్కరణ, దాని మీద మళ్లీ కోర్టుకు వెళ్లేదే ధిక్కరణ పిటిషన్. 1971 నాటి కోర్టు ధిక్కరణ చట్టం 20వ సెక్షన్ ప్రకారం, ధిక్కరణ జరిగిందంటున్న తేదీ నుంచి ఏడాది దాటితే కోర్టు చర్యలు మొదలుపెట్టడానికి వీల్లేదు. ఉత్తర్వులోనే గడువు పెట్టి ఉంటే, అది ముగిసిన నాటి నుంచే ఈ ఏడాది నడుస్తుంది. ఆ తర్వాత ఎన్ని వినతిపత్రాలు ఇచ్చినా లెక్క మళ్లీ మొదటికి రాదు. అప్పీలు వేసినంత మాత్రాన ఉత్తర్వు ఆగదు, స్టే ఉంటేనే ఆగుతుంది. బాబాయి చేత ఏడాది లోపే ధిక్కరణ పిటిషన్ వేయించగలిగాం. ఆఫీసు మీద కాకుండా, అమలు చేయవలసిన అధికారిని పేరుతో సహా ప్రతివాదిగా చేర్చాక, మొదటి నోటీసుకే ఫైలు కదిలింది.

ఈ సెక్షన్ విషయంలో కక్షిదారులు ఒకప్పుడు మరీ నష్టపోయేవారు. పిటిషన్ సకాలంలో వేస్తే సరిపోదు, కోర్టు కూడా ఏడాది లోపే చర్యలు ప్రారంభించి ఉండాలని 2000లో సుప్రీంకోర్టు చెప్పింది. అంటే కోర్టులో జరిగిన జాప్యానికి కక్షిదారు బలి కావలసి వచ్చేది. 2001లో పల్లవ్ సేఠ్ కేసులో ముగ్గురు న్యాయమూర్తుల ధర్మాసనం దాన్ని సరిదిద్ది, దరఖాస్తు ఏడాది లోపు దాఖలైతే చాలని తేల్చింది. నా దృష్టిలో ఈ చట్టం మీద వచ్చిన తీర్పుల్లో సామాన్యుడికి ఇంత మేలు చేసినది మరొకటి లేదు.

అయితే, ఉల్లంఘన ఇంకా కొనసాగుతూనే ఉంది కాబట్టి గడువు వర్తించదనే వాదన మీద భరోసా పెట్టుకోవడం ప్రమాదం. తెలంగాణ హైకోర్టు నుంచి వెళ్లిన ఒక భూవివాదంలో 2024లో సుప్రీంకోర్టు, తప్పు కొనసాగడం వేరు, ఒకసారి జరిగిన తప్పు వల్ల కలిగిన నష్టం మిగిలి ఉండడం వేరు అని వివరించి, ధిక్కరణ పిటిషన్‌కు కాలం చెల్లిందని కొట్టివేసింది. జీతమో, భూమో చేతికి రాలేదన్న బాధ ఏళ్ల తరబడి ఉంటుంది గానీ, ఆ బాధ ఒక్కటే గడువును పొడిగించదు.

సకాలంలో కదిలినా ఫలితం ఎంత ఆలస్యం కావచ్చో గుంటూరు గుడిసెల కేసు చెబుతుంది. తొలగించవద్దని హైకోర్టు 2013లో చెప్పినా ఒక రెవెన్యూ అధికారి గుడిసెలు కూల్పించారు. 2015లో ఆయనకు శిక్ష పడింది. సుప్రీంకోర్టు ఆయన్ను డిప్యూటీ కలెక్టర్ హోదా నుంచి తహశీల్దారుగా దించింది 2025లో. గూడు పోయినవాళ్లు అన్నేళ్లు ఎక్కడ తలదాచుకున్నారో అన్న ప్రశ్న నన్ను వదలడం లేదు.

గడువుతో కూడిన ప్రతి ఉత్తర్వునూ, ఆ గడువు ముగిసిన వారంలోనే అమలు నివేదిక కోసం రిజిస్ట్రీ (హైకోర్టు కార్యాలయం) తనంతట తానే విచారణ జాబితాలో చేర్చాలని నేను గట్టిగా కోరుకుంటున్నాను. గెలిచిన మనిషి తన గెలుపును అమలు చేయించుకోవడానికి మళ్లీ వకీలుకు ఫీజు కట్టవలసిన అవసరం అప్పుడు చాలా వరకు తప్పుతుంది.