హంసగా నిలబడ్డ మన డ్రాయింగ్ సారు

ఈ సంచికకు మన బ్యాచ్‌వాళ్లు ఏం రాస్తారో నాకు తెలుసు. లెక్కల సారు దెబ్బలు, గేటు బయట జామకాయలు, యానివర్సరీ డాన్సులు. నేను మాత్రం డ్రాయింగ్ సారు గురించే రాస్తా, ఎందుకంటే ఆయన పీరియడ్‌ను ఎప్పుడూ ఎవరో ఒకరు సిలబస్ కాలేదని లాక్కునేవాళ్లు, ఇక్కడైనా ఆయనకో పేజీ దక్కాలి.

హన్మకొండ పిల్లలం, ఏ పోటీ పెట్టినా కాకతీయ తోరణమే వేస్తాం కదా. స్కేలు పెట్టి, స్కెచ్ పెన్నుతో, అందరిదీ ఒకటే. ఒకరోజు సారు ఆ షీట్ల కట్ట చూసి ఏమీ అనకుండా కంప్యూటర్ ల్యాబుకు తీసుకెళ్లి ఒక బ్లాక్ అండ్ వైట్ వీడియో పెట్టారు. జాన్ బాల్డెస్సారి అనే అమెరికా ఆర్టిస్టు 1971లో తీసింది. ఆ పొడుగాటి మనిషి కెమెరా ముందు నిలబడి చెయ్యి కొంచెం లేపుతాడు, 'ఐ యామ్ మేకింగ్ ఆర్ట్' అంటాడు. ఒంగుతాడు, మళ్లీ అదే మాట. ముందు నవ్వాం, తర్వాత విసుగొచ్చింది, ఆ తర్వాత ఎందుకో మళ్లీ నవ్వొచ్చింది.

అదే ఏడాది కెనడాలో హాలిఫాక్స్ ఆర్ట్ కాలేజీవాళ్లు బాల్డెస్సారితో ఎగ్జిబిషన్ పెట్టించాలనుకున్నారు, దారి ఖర్చులకు డబ్బుల్లేవు. ఆయన పోకుండానే, ఇకమీదట బోరు కొట్టే ఆర్ట్ చేయనని అక్కడి స్టూడెంట్లతో గోడల నిండా రాయించాడు. అచ్చం ఇంపోజిషనే! పైగా తాను కూడా అదే వాక్యం నోటుబుక్కులో రాస్తూ వీడియో తీసుకున్నాడు. ఇంపోజిషన్ ఇచ్చినాయనే కూర్చుని రాయడం మనం ఎక్కడ చూశాం చెప్పండి? 1972లో అయితే కుండీలో మొక్కకు కార్డులు చూపిస్తూ ఏబీసీడీలు నేర్పాడు. ఇది విని మనవాళ్లు ఆఫీసు రూం ముందున్న క్రోటన్‌కు హిందీ వర్ణమాల చెప్పారు, మనకంటే బుద్ధిగా వింది.

తర్వాత గ్రౌండులో మనమే తోరణం అయ్యాం. పొడుగువాళ్లు స్తంభాలు, చేతులు చాపినవాళ్లు అడ్డదూలం. ఒక్కొక్కరు కదలాలి, కదిలినప్పుడల్లా 'నేను ఆర్ట్ చేస్తున్నా' అనాలి. పైన హంస కావాలంటే సిగ్గుతో ఎవరూ బెంచీ ఎక్కలేదు. సారే ప్యాంటు మడిచి ఎక్కి, మెడ వంచి నిలబడ్డారు. దూలం నవ్వుతూ కూలిపోయినా హంస మాత్రం కదల్లేదు.

ఆ ఏడు జిల్లా పోటీకి మళ్లీ స్కేలు పెట్టిన తోరణమే పంపాం లెండి, సర్టిఫికెట్లు దానికే కదా ఇచ్చేది. గ్రౌండులో మన తోరణాన్ని వీడియో తీసింది పీఈటీ సారు. ఎవరి దగ్గరైనా ఉంటే బ్యాచ్ గ్రూపులో పెట్టండి. ఎడమవైపు స్తంభం నేనే.