కర్ణాటక సంగీతం నేర్చుకున్న గొంతుతో ఎమీ వైన్‌హౌస్ పాట పాడటం: నా అనుభవం

చిన్నప్పటి నుంచి కర్ణాటక సంగీతం నేర్చుకున్నదాన్ని. బ్రిటిష్ గాయని ఎమీ వైన్‌హౌస్ రెండో ఆల్బమ్ 'బ్యాక్ టు బ్లాక్'లోంచి ఒక్క పాటైనా స్టేజీ మీద పాడాలని ఎప్పట్నుంచో కోరిక. హైదరాబాద్‌లో స్నేహితుల బ్యాండ్ ఒక కేఫ్‌లో పాడమని పిలవగానే 'టియర్స్ డ్రై ఆన్ దెయిర్ ఓన్' పాడతానన్నాను.

ఆమెది బాగా కిందిస్థాయి గొంతు. నాకు అందదని శ్రుతి కాస్త పెంచుకున్నాం. ట్యూన్ తొందరగానే పట్టుబడింది, గమకాలు తగ్గించుకోవడమూ కుదిరింది. అసలు కష్టం తాళం దగ్గర వచ్చింది. ఆమె మాట డ్రమ్ దెబ్బతో కలిసి పడదు. కొంచెం వెనకగా, తీరిగ్గా బయల్దేరి లైను చివర్లో దాన్ని అందుకుంటుంది. మనకూ తాళానికి ముందో వెనకో పాట ఎత్తుకునే అతీత, అనాగత ఎత్తుగడలున్నాయి కానీ వాటికి లెక్క ఉంటుంది. ఈమె ఎంత ఆగుతుందన్నది ఆ మాటలో ఉన్న బాధను బట్టి ఉంటుంది. తొడ మీద తాళం వేస్తూ పాడితే నా గొంతు వెంటనే చేతి వెంట వెళ్లిపోయేది.

దారి దొరికింది ఆ పాట చరిత్రలోనే. 2003లో జాజ్ ఛాయలతో మొదటి ఆల్బమ్ చేసిన ఎమీ, 2006 నాటికి అరవైల నాటి అమ్మాయిల గ్రూపుల పాటల వైపు, సోల్ సంగీతానికి పేరుపడ్డ అమెరికా రికార్డు కంపెనీ మోటౌన్ పాటల వైపు మళ్లింది. ఈ పాటను ఆమె మొదట నెమ్మదిగా పాడింది. నిర్మాత సలామ్ రెమీ దాన్ని, మార్విన్ గే, టామీ టెరెల్ 1967లో పాడిన 'ఎయింట్ నో మౌంటెన్ హై ఇనఫ్' పాట కార్డ్స్ (కలిపి మోగే స్వరాల గుంపులు) మీద హుషారుగా మార్చాడు. ఆమె 27 ఏళ్లకే, 2011 జులైలో పోయింది. ఆ డిసెంబరులో వచ్చిన 'లయనెస్' సంకలనంలో ఆ నెమ్మది రూపం ఉంది. అది వింటే గుండె పట్టేసినట్టయింది. వేగం కింద ఇంత దుఃఖం ఉందా అనిపించింది.

అప్పట్నుంచి సాధన మార్చాను. ముందు నెమ్మది రూపాన్ని తాళం లేకుండా, పక్కనున్న మనిషితో మాట్లాడినట్టు పాడుకున్నాను. తర్వాత 1967 పాట పెట్టుకుని చేత్తో తాళం మాత్రమే వేశాను. రెండూ విడివిడిగా ఒంటబట్టాకే కలిపాను. డ్రమ్స్ వాయించే అబ్బాయికి ఒకటే చెప్పాను: "నేను వెనకబడ్డా నాకోసం ఆగొద్దు రా."

కేఫ్‌లో మొదటి చరణం టెన్షన్‌తో కాస్త బిగుసుకుంది. రెండో చరణంలో డ్రమ్ దాని దారిన అది పోతుంటే, నా మాట వెనకే నిదానంగా నడిచింది. ఎంత హాయిగా అనిపించిందో!

ఇప్పుడు ఆల్బమ్ టైటిల్ పాట పట్టుకున్నాం. దాని నిర్మాత మార్క్ రాన్సన్. మధ్యలో డ్రమ్స్ ఆగిపోయి, గంట మోగుతుండగా ఒకే మాట మళ్లీ మళ్లీ వస్తుంది. వెనకబడటానికి అక్కడ డ్రమ్మే లేదు. ఆ మాట ఎక్కడ వదలాలో రోజూ వెతుకుతున్నాను.