సాలెగూడా, తామరపువ్వా

మా అమ్మ వరండాలో బూజు దులిపేసింది.

బూజు కాదది. హాలోవీన్ అలంకారానికని డాలర్ స్టోర్లో కొన్న దూది సాలెగూడు. నేనూ మా పాపా శనివారం పొద్దున్నే కుర్చీలెక్కి, వరండా స్తంభాలకీ పొదలకీ తలుపు పైకీ సాగదీసి రెండు గంటలు కష్టపడి కట్టాం. సోమవారం నేను మీటింగ్‌లో ఉండగా అమ్మ చీపురుకు గుడ్డ చుట్టి మొత్తం లాగేసి, ఉండ చేసి చెత్తబుట్టలో పడేసింది. బడి నుంచి వచ్చిన పిల్ల గుమ్మంలోనే ఏడుపు.

"నాలుగు రోజుల్లో దీపావళి పెట్టుకుని గుమ్మం నిండా ఆ దరిద్రం ఏంటే? లక్ష్మీదేవి లోపలికి ఎట్లా వస్తుందీ?" అంది అమ్మ. సమాధానం చెప్పడానికి నా దగ్గరేం లేదు. తెనాలిలో పండగ ముందు వారం రోజులు బూజు కర్రతో తిరిగిన ఇల్లు మాది.

ఇది 2024 సంగతి. ఆ ఏడాది ఇండియాలో దీపావళి 31నా, ఒకటినా అని పెద్ద చర్చే నడిచింది. న్యూజెర్సీలో మాకు ఆ గొడవ లేదు. అక్టోబరు 31 గురువారం పొద్దున ఆరుంబావు దాటాక అమావాస్య వచ్చి మర్నాటి పొద్దుటిదాకా ఉంది. అంటే లక్ష్మీపూజ గురువారం సాయంత్రమే. పిల్లలు దెయ్యాల వేషాలేసుకుని ఇల్లిల్లూ తిరిగి మిఠాయిలడిగే హాలోవీన్ కూడా ఆ సాయంత్రమే. మా పాపది మంత్రగత్తె వేషం. అమ్మ ఆర్నెల్లకని వచ్చి అప్పటికి నెలన్నర.

దీనికి తోడు నాలుగిళ్ళ అవతల, పాప స్నేహితురాలింట్లో నాలుగింటికి పార్టీ. ఎవరేం తేవాలో జాబితా పంపితే, మూడో తరగతి చదివే ఈ మహాతల్లి నాకు చెప్పకుండా 'స్పూకీ డిప్' ఎదురుగా నా పేరు రాసేసింది. డిప్ అంటే చిప్స్ ముంచుకు తినేది. స్పూకీ అంటే చూస్తే భయం వెయ్యాలి. సరే, చేద్దాం అన్నాను. అప్పుడు షరతు పెట్టింది.

"అమ్మా, కెన్ ఇట్ నాట్ స్మెల్ లైక్ అస్?"

సామాన్ల చీటీ రాస్తున్నదాన్ని, కలం అక్కడే ఆగింది. 'ఇండియన్ ఫుడ్‌లా' అని కూడా కాదు, 'మనలా' వాసన రాకూడదంది. ఎవరైనా ఏమైనా అన్నారా అని అడిగితే లేదంది. రెండుసార్లు అడిగినా లేదంది. పిల్లలు రెండుసార్లు లేదంటే ఏదో ఉందన్నమాటే, కానీ మూడోసారి అడిగితే ఇక ఎప్పటికీ చెప్పరు. అందుకని ఊరుకున్నాను. అమ్మకి ఇంగ్లీషు అంతగా రాదు కాబట్టి ఆ మాట అర్థమై ఉండదని సరిపెట్టుకున్నాను.

ఏ డిప్ చెయ్యాలో తేల్చడానికే ఒక రాత్రి పట్టింది. పార్టీ ఇచ్చే పిల్లకి పల్లీలు పడవు, కాబట్టి నాకు కళ్ళు మూసుకుని వచ్చే పల్లీ పచ్చడి పోయింది. శనగల ముద్దతో చేసే హమ్మస్ అనుకుంటే అందులో నువ్వుల ముద్ద. 2023 నుంచి అమెరికాలో ప్యాకెట్ల మీద తప్పనిసరిగా రాయాల్సిన అలర్జీల్లో నువ్వులు తొమ్మిదోది. మరో ఇంటి అబ్బాయికి అదీ పడదట. చివరికి మెక్సికన్ వాళ్ళ దారి పట్టాను: అడుగున నల్ల చిక్కుడు గింజల ముద్ద, దాని మీద టమాటా పచ్చడిలాంటి సల్సా, ఆ పైన పచ్చగా అవకాడో గుజ్జుతో చేసే గ్వాకమోలే, అన్నిటి మీదా పుల్లటి మీగడలాంటి తెల్లటి సవర్ క్రీమ్‌తో సాలెగూడు, గూట్లో ఆలివ్ కాయలతో సాలీళ్ళు.

శాకాహారులకి ఇక్కడ ప్రతి డబ్బా వెనక్కి తిప్పి చదవడం ఒక ఉద్యోగం. చిక్కుడు ముద్ద డబ్బాల్లో కొన్నిట్లో పంది కొవ్వుంటుంది. నేను తెచ్చిన సవర్ క్రీమ్‌లో జంతువుల ఎముకల నుంచీ చర్మం నుంచీ తీసే జెలటిన్ ఉంది, ఇంటికొచ్చాక చూసుకున్నాను. అలంకారానికని కొన్న చక్కెర కనుగుడ్లకి మెరుపు కోసం పూసేది లక్క, పురుగుల నుంచి తీసేది. అమ్మకి చెప్తే, "కౌరవులు ఇల్లు కట్టారు, వీళ్ళు మిఠాయికి పూస్తున్నారా" అని కనుగుడ్ల సీసా తీసుకెళ్ళి బల్ల చివర పెట్టింది.

"క్రీమ్ లేకపోతే ఏం? ఇంట్లో పెరుగు పెట్టుకుని..."

మంగళవారం రాత్రి తన పాత నూలు చీర ముక్కలో పెరుగు మూటగట్టి సింకు కుళాయికి వేలాడదీసింది. తెల్లారేసరికి గిన్నెలో గ్లాసుడు నీళ్ళు, గుడ్డలో వెన్నలాంటి ముద్ద. మూట కట్టకుండా వాడితే ఏమవుతుందో నాకు తెలుసు, ముందురోజు చేసి చూశాను: పావుగంటలో నీరు ఊరి, సాలెగూడు కాస్తా వానలో తడిసిన ముగ్గైంది.

బుధవారం రాత్రి అవకాడోలు కోశాం. అమ్మకి ఆ పండంటే గౌరవం లేదు, ఉప్పూ పులుపూ తెలియని పండంటుంది. నేను పెళ్ళికి తెచ్చుకున్న చిన్న రోట్లో పచ్చిమిర్చి, ఉప్పు, కొత్తిమీర కచ్చాపచ్చాగా దంచి, నాలుగు పళ్ళ గుజ్జు వేసి, రెండు నిమ్మకాయలు పిండాను. పై పొర నల్లబడకుండా ప్లాస్టిక్ కాగితం గుజ్జుకి అంటుకునేలా నొక్కి కప్పాలి, గాలి తగిలితే పొద్దుటికి గోధుమరంగులోకి తిరుగుతుంది. ఆజ్టెక్‌ల భాషలో 'మోల్లి' అంటే నూరి చేసిన పులుసులాంటిది, గ్వాకమోలేలో మోలే అదే, వాళ్ళూ రాతి రోట్లోనే నూరేవాళ్ళు అని చెప్తే అమ్మ ఒక వేలితో రుచి చూసి, "రోటి పచ్చడే గదా, ఇంత పేరెందుకూ" అంది. నేను అటు తిరిగేలోపు జీలకర్ర వేయించి పొడిగొట్టి చిక్కుడు ముద్దలో వేసేసింది.

ఆ వాసనకి పాప మేడ దిగి వచ్చింది. "ఐ సెడ్ నో!"

అరవకుండా అలమారలోంచి మెక్సికన్ వంటల్లో వేసే ట్యాకో మసాలా ప్యాకెట్ తీసి చేతికిచ్చి చదవమన్నాను. చదివింది: మిరప, ఉప్పు, క్యూమిన్... "క్యూమిన్ అంటే?" అంది. అమ్మమ్మ అరచెయ్యి చాపింది, వేయించిన జీలకర్ర ఇంకా రెండు చిటికెలుంది. పాప ప్యాకెట్ వాసన చూసింది, అరచెయ్యి వాసన చూసింది, మళ్ళీ ప్యాకెట్ చూసింది. ఏమీ అనలేదు. కానీ గది విడిచి పోలేదు కూడా. బల్ల దగ్గర కుర్చీ లాక్కుని ఆలివ్ కాయలు కోయడానికి కూర్చుంది.

సాలీడు చెయ్యడం తేలిక. ఆలివ్‌ని నిలువుగా సగానికి కోస్తే ఒక సగం ఒళ్ళు, రెండో సగాన్ని సన్నగా తరిగితే కాళ్ళు. అమ్మ పక్కకి మూడేసి కాళ్ళు పెట్టింది. "అమ్మమ్మా, సిక్స్ కాదు, ఎయిట్. సిక్స్ ఉంటే ఇన్‌సెక్ట్" అని పాప సరిదిద్దింది. అప్పుడెత్తుకుంది అమ్మ శ్రీకాళహస్తి కథ.

శ్రీ అంటే సాలెపురుగు, కాళం అంటే పాము, హస్తి అంటే ఏనుగు. ముగ్గురూ శివుడి భక్తులు. సాలీడు తన ఒంట్లోంచి దారం తీసి శివలింగం మీద గుళ్ళూ గోపురాలూ కట్టేది. శివుడు పరీక్ష పెట్టి, దీపం మంటకి ఆ గూడంతా కాలిపోయేలా చేశాడు. సాలీడుకి ఒళ్ళు మండి, నా గుడి తగలబెడతావా అని ఆ దీపాన్నే మింగబోయింది. శివుడు ప్రత్యక్షమై మోక్షమిచ్చాడు.

"సో, సాలీడు గుడ్ గయ్యా?"

"మంచిదేంటి, మహాభక్తురాలు."

"మరి నువ్వు మన వెబ్ ఎందుకు పడేశావ్?"

అమ్మ ఆలివ్ ముక్క చేత్తో పట్టుకుని అట్లాగే ఉండిపోయింది. ఆవిడకి జవాబు దొరక్కపోవడం నా నలభై రెండేళ్ళలో అరుదు. నేను నవ్వు దాచుకోవడానికి ఫ్రిజ్ తలుపు తీసి లోపల తల పెట్టాను.

గురువారం మధ్యాహ్నం అసలు పని. అమ్మ బేకింగ్ కాగితాన్ని గోరింటాకు కోన్‌లా చుట్టి, పెరుగు నింపి, కొస కత్తిరించింది. ఆకుపచ్చ పొర మీద మధ్యలో చుక్క, చుట్టూ ఒకదాని తర్వాత ఒకటి అయిదు గుండ్రాలు. చెయ్యి ఎక్కడా వణకలేదు, గీత ఎక్కడా లావు సన్నం కాలేదు. రోజూ వాకిట్లో ముగ్గేసిన చెయ్యి కదా. నేను చిన్న పళ్ళెంలో వేసిన గుండ్రాలు మటుకు వంకరపోయిన గాజుల్లా ఉన్నాయి.

తర్వాత టూత్‌పిక్‌తో ఎనిమిది గీతలు లాగాలి. అమ్మ ముగ్గు అలవాటు కొద్దీ అంచు నుంచి మధ్యకి లాగింది. ఒకటి, రెండు, మూడు... ఎనిమిదోది పూర్తయ్యేసరికి పళ్ళెంలో సాలెగూడు లేదు. ప్రతి గుండ్రమూ గీత దగ్గర లోపలికి నొక్కుకుపోయి, మధ్య భాగం బయటికి ఉబ్బి, ఎనిమిది రేకులు విచ్చుకున్నాయి. అష్టదళ పద్మం. లక్ష్మీపూజ రోజున దేవుడి ముందు వేసే ముగ్గే అది.

ఇద్దరం దాన్ని చూస్తూ నిలబడ్డాం. గంటన్నరలో పార్టీ. ఇంకో పళ్ళేనికి సరిపడా సామాను ఉంది. ఈసారి అమ్మే, "ఎటు లాగాలో చెప్పు" అంది. మధ్య నుంచి అంచుకి, అన్నాను. లాగింది. అవే గుండ్రాలు, అవే ఎనిమిది గీతలు, లాగే దిక్కు ఒక్కటే వేరు. రేకులు తిరగబడి దారాలు వేలాడే గూడైంది. సాలీళ్ళని పాప వచ్చి తనే అమర్చుకుంది. కాళ్ళు ఎనిమిదేసి లెక్కపెట్టి మరీ.

తామరపువ్వు పళ్ళేన్ని దేవుడి దగ్గర పెడదామా అని నేనంటే అమ్మ కోప్పడింది. సల్సాలో ఉల్లీ వెల్లుల్లీ ఉన్నాయి, నైవేద్యానికి పనికిరాదు. రాత్రి మేమే తిన్నాం, చెక్కలతో. చిప్స్ కంటే చెక్కలే నయం, ముంచితే విరగవు.

పార్టీలో ఆ సాలెగూడు బతికింది మూడు నిమిషాలు. ఎవరు చేశారని ఎవరూ అడగలేదు, మేమూ చెప్పలేదు. ఎనిమిదేళ్ళ పిల్లలు చిప్స్‌తో తవ్విపారేశారు. "ముగ్గన్నాక తొక్కకుండా ఉంటారా" అని అమ్మ తేలిగ్గా తీసుకుంది. ఆవిడ మనసంతా ఇంటి దగ్గర పూజ మీదుంది.

ఆరు కాకముందే పొద్దు గుంకింది. పూజ చేసుకుని, మెట్ల మీదా కిటికీల్లోనూ దీపాలు పెట్టాం. ఆ అక్టోబరంతా న్యూజెర్సీలో దాదాపు చినుకన్నది లేక, అడవుల్లో మంటలు లేస్తుంటే ఆరుబయట నిప్పు మీద ఆంక్షలు పెట్టారు. అందుకని మతాబులు కొనలేదు. గోగు కర్రలకి నూనెగుడ్డలు చుట్టి, దిబ్బు దిబ్బు దీపావళి అంటూ దివిటీలు కొట్టించాలని అమ్మకి ఎంతో ఉంది, అదీ వద్దన్నాను. పితృదేవతలకి దారి చూపే వెలుగది, మానెయ్యకూడదంటుంది. హాలోవీన్ ఐర్లాండ్‌లో మొదలైందీ చనిపోయినవాళ్ళు తిరిగొచ్చే రాత్రి అనే నమ్మకంతోనే అని చెప్పబోయాను కానీ, ఆవిడ వినే స్థితిలో లేదు. అమావాస్య పూట మనవరాలు మంత్రగత్తె టోపీతో, బుట్ట పట్టుకుని ఇల్లిల్లూ తిరగడానికి సిద్ధంగా ఉంది.

"ముష్టి కాదమ్మా, ఆట. మీ చిన్నప్పుడు దసరాకి బడిపిల్లలు విల్లంబులు పట్టుకుని పాటలు పాడుకుంటూ ఇంటింటికీ వెళ్ళి పప్పుబెల్లాలు తెచ్చుకునేవాళ్ళన్నావు కదా?"

"మాకు ముందు అయ్యవారు నడిచేవారు" అంది. కానీ పాప టోపీ సరిచేసి, దిష్టి తగలకుండా చెవి వెనక కాటుక చుక్క పెట్టి పంపింది.

నేను పాపతో వెళ్ళాను, అమ్మ గుమ్మంలో చాక్లెట్ల గిన్నెతో కూర్చుంది. ఒక్కొక్కరికి ఒకటి, మహా అయితే రెండు అని చెప్పే వెళ్ళాను. దీపాల వరస చూసి పిల్లలు మా ఇంటికే ఎక్కువ వచ్చారట. వచ్చినవాళ్ళకి వచ్చినట్టు ఈవిడ దోసిళ్ళతో పోసింది. ఏడుంపావుకి మేం తిరిగొచ్చేసరికి గిన్నె ఖాళీ, మెట్ల మీద ఇద్దరు అస్థిపంజరాలూ ఒక డైనోసారూ.

ఈ దేశంలో దానికో పద్ధతుంది. చాక్లెట్లు అయిపోతే వరండా లైటు ఆర్పేస్తారు, పిల్లలు అర్థం చేసుకుని పక్కింటికి పోతారు. నేను స్విచ్ మీద చెయ్యి వేశాను.

"మతాబులు లేవన్నావు, దివిటీలు వద్దన్నావు. దీపావళి పూట ఉన్న దీపం కూడా ఆర్పుతావా?"

చెయ్యి తీసేశాను. అస్థిపంజరాలు చూస్తూనే ఉన్నాయి. అమ్మ పాప వైపు తిరిగి, "నీ బుట్ట ఇటు తేవే" అంది.

పాప బుట్టని వెనక దాచుకుంది. రెండు వీధులు తిరిగి సంపాదించుకున్నది. కాసేపు బేరం నడిచింది, సగం తెలుగులో, సగం ఇంగ్లీషులో. చివరికి నేల మీద కూలబడి బుట్ట బోర్లించి ఏరడం మొదలుపెట్టింది. కొబ్బరివి ఇటు, తనకి నచ్చని నల్ల లికరైస్ ఇటు, జెలటిన్ ఉన్నవి ఎలాగూ తినదు కాబట్టి అవీ ఇటు. తనవి మాత్రం టోపీలో వేసుకుని, మిగతాది గిన్నెలో పోసి అమ్మమ్మ పక్కన నిలబడింది.

"వన్ ఈచ్, అమ్మమ్మా" అంది. "దోసిలి కాదు."