రెండు తాళాల పెట్టె

నా పింఛను కాగితాల్లో పుట్టిన తేదీ జూలై 1 అని ఉంటుంది. మా తరంలో గుంటూరు జిల్లా పల్లెల్లో బడికి వెళ్ళినవాళ్ళలో జూలై ఒకటో తేదీవాళ్ళు కోకొల్లలు. మా అమ్మ లెక్క ప్రకారం నేను కార్తీకంలో పుట్టాను. బడిలో వేసిన రోజున మేష్టారు నా కుడిచేతిని తల మీదుగా ఎడమ చెవికి అందించమన్నారు. అందింది కాబట్టి అయిదేళ్ళు నిండాయని తేల్చి, రాయడానికి వీలైన తేదీ ఒకటి వేశారు. అది తప్పని ఇంట్లో అందరికీ తెలుసు. అయినా ఆ తేదీ మీదే పరీక్షలు రాశాను, ఉద్యోగం చేశాను, చివరికి ఆ తేదీ లెక్కనే పదవీ విరమణ కూడా చేశాను.

ఉద్యోగంలో ఉన్నన్నాళ్ళూ ఇంగ్లండు చరిత్ర అంటే రాజులూ, పార్లమెంటూ, యుద్ధాలూ అన్నట్టుగానే పాఠం చెప్పాను. విరమణ తరువాత తీరిక దొరికి అక్కడి చర్చి రికార్డుల గురించి చదవడం మొదలుపెట్టాక, ఆ దేశపు సామాన్య జనం మూడువందల ఏళ్ళపాటు ఎలా బతికారో మనకు చెబుతున్నది చాలావరకు పుట్టుకలూ పెళ్ళిళ్ళూ చావులూ రాసిన పాత పుస్తకాలేనని అర్థమైంది. ఆ పుస్తకాలలోనూ మా మేష్టారు వేసినటువంటి తేదీలు లెక్కలేనన్ని ఉన్నాయి.

ఆ పుస్తకాల కథ 1538 సెప్టెంబరులో మొదలవుతుంది. ఎనిమిదో హెన్రీ పోపుతో తెగతెంపులు చేసుకుని, ఇంగ్లండు చర్చికి తానే పెద్దనని 1534లో చట్టం చేయించుకున్నాడు. ఆ చర్చి వ్యవహారాలు చూడడానికి రాజు నియమించిన థామస్ క్రామ్‌వెల్, ప్రతి పారిష్‌లోనూ, అంటే ఒక చర్చి కిందికి వచ్చే ప్రతి ఊళ్ళోనూ, ఒక పుస్తకం పెట్టి బాప్తిస్మాలు, పెళ్ళిళ్ళు, భూస్థాపనలు అందులో ఎక్కించాలని ఆజ్ఞ ఇచ్చాడు. ప్రతి చర్చిలోనూ ఇంగ్లీషు బైబిలు ఉంచాలన్నదీ ఆ ఆజ్ఞలలోనిదే. పుస్తకాన్ని రెండు తాళాలున్న పెట్టెలో పెట్టాలి. ఒక తాళంచెవి గురువు దగ్గర, రెండోది ఊరి తరపున చర్చి ఆస్తులు చూసే వార్డెన్ల దగ్గర ఉండాలి. ఆదివారం ఆదివారం వార్డెన్ల ఎదుటే పెట్టె తెరిచి, ఆ వారం జరిగినవన్నీ రాయాలి. రాయకపోతే తప్పిన ప్రతిసారీ మూడు షిల్లింగుల నాలుగు పెన్నీల జరిమానా.

జనానికి ఇది నచ్చలేదు. 1539లో కార్న్‌వాల్, డెవన్ ప్రాంతాల నుంచి పియర్స్ ఎడ్జ్‌కంబ్ అనే పెద్దమనిషి క్రామ్‌వెల్‌కు రాసిన ఉత్తరం మిగిలి ఉంది. పేర్లు రాసుకుంటున్నారంటే రేపు పుట్టినందుకూ పెళ్ళాడినందుకూ పన్ను వేస్తారని అక్కడివాళ్ళు బెంబేలెత్తుతున్నారన్నది దాని సారాంశం. పేరు రాసుకోవడానికి ఇంటికొచ్చిన అధికారిని చూస్తే మన ఊళ్ళలో కలిగే అనుమానమూ ఇదే కాబట్టి, ఆ ఉత్తరం సంగతి చదివినప్పుడు నాకు నవ్వొచ్చింది. ఆ భయం ఉత్తదేమీ కాలేదు. ఫ్రాన్సుతో యుద్ధం ఖర్చుల కోసం 1695 నుంచి పుట్టుకకు రెండు షిల్లింగులు, పెళ్ళికి రెండున్నర, చావుకు నాలుగు షిల్లింగుల చొప్పున వసూలు చేశారు. హోదా ఉన్నవాళ్ళకు ఇంకా ఎక్కువ. మళ్ళీ 1783లో రిజిస్టరులో ఎక్కే ప్రతి పద్దుకూ మూడు పెన్నీల సుంకం పెట్టారు. పేదలకు మినహాయింపు ఉండడంతో, సుంకం ఎత్తేసిన 1794 దాకా చాలా పారిష్‌లలో పేర్ల పక్కన పేదవాడని సూచించే గుర్తు ఉన్నట్టుండి పెరిగిపోయింది. సుంకం అమల్లోకి రాకముందే పిల్లలకు గబగబా బాప్తిస్మం ఇప్పించుకున్నవాళ్ళూ ఉన్నారు. సంగతి తెలియని చరిత్రకారుడు ఆ పుటలు తిరగేస్తే, 1783లో ఇంగ్లండులో పిల్లలు విరివిగా పుట్టారనీ, ఆ వెంటనే దేశం మీద దరిద్రం వచ్చి పడిందనీ రాసుకుంటాడు.

ఒక్క మాట తేడాతో ఇరవై ఏళ్ళు గల్లంతైన ఉదంతమూ ఉంది. మొదట్లో చాలా చోట్ల కాగితాల మీద రాసేవారు. అవి చెమ్మకు పాడయ్యేవి. ఎలిజబెత్ రాణి ఆమోదంతో 1598లో, ఇకమీదట తోలు పత్రాల పుస్తకాలలోనే రాయాలనీ, పాతవన్నీ వాటిలోకి ఎక్కించాలనీ ఉత్తర్వు వచ్చింది. పాతవన్నీ అన్నచోట ఊరుకోకుండా, ముఖ్యంగా రాణిగారు గద్దెనెక్కిన నాటి నుంచి ఉన్నవి అని ఇంకో ముక్క కలిపారు. నకలు రాసేవాడికి అంతకన్నా ఏం కావాలి? ఎంతోమంది 1558 నుంచే మొదలుపెట్టి, అంతకు ముందున్నవి వదిలేశారు. ఇంగ్లండులో ఇన్ని పారిష్‌ల రిజిస్టర్లు ఒక్కమాటగా 1558లో ఎందుకు మొదలవుతాయన్న ప్రశ్నకు జవాబు మతంలోనో రాజకీయంలోనో లేదు, గుమాస్తాల బద్ధకంలో ఉంది. అదే ఉత్తర్వు చేసిన మేలు ఏమిటంటే, ఏటేటా ఒక నకలు బిషప్పు కచేరీకి పంపమన్నారు. అసలు పుస్తకం కాలిపోయినా కొట్టుకుపోయినా చాలా చోట్ల ఆ నకలు మిగిలింది.

తేదీల విషయంలో మరో చిక్కుంది. 1752 వరకు అక్కడి అధికారిక సంవత్సరాది మార్చి 25. మొదటి చార్లెస్ రాజు తల నరికింది మన లెక్కలో 1649 జనవరి 30న. ఆనాటి ఇంగ్లీషువాడి పుస్తకంలో అది ఇంకా 1648. ఉగాదికి సంవత్సరం మార్చుకునే మనకు ఇది వింతేమీ కాదు. గుంటూరును ఊడ్చేసిన కరువును మన పెద్దలు నందన కరువు అన్నారు. నందన అరవై ఏళ్ళకోసారి వస్తుంది కాబట్టి, ఆ మాట విన్నవాడు అది 1832-33 నాటి నందనే అని ముందుగా తేల్చుకోవాలి.

ఇంతటి గందరగోళపు పుస్తకాలతో పండితులు ఏం చేయగలిగారన్నది ఇంకా ఆసక్తికరమైనది. 1964లో కేంబ్రిడ్జిలో పీటర్ లాస్లెట్, టోనీ రిగ్లీ కలిసి జనాభా చరిత్ర కోసం ఒక పరిశోధన బృందాన్ని ఏర్పాటు చేశారు. సుమారు పదివేల పారిష్‌లలో 404 ఎంచుకుని, వాటి పుస్తకాలలో నెలకెన్ని బాప్తిస్మాలు, ఎన్ని పెళ్ళిళ్ళు, ఎన్ని భూస్థాపనలు అని లెక్క కట్టించారు. లెక్కించింది ఎక్కువగా జీతం తీసుకునే పరిశోధకులు కారు. తమ ఊరి చరిత్ర మీద మమకారం ఉన్న మామూలు మనుషులు. ఆ అంకెలను సరిదిద్ది రిగ్లీ, రోజర్ స్కోఫీల్డ్ 1981లో ప్రచురించిన గ్రంథం ప్రకారం ఇంగ్లండు జనాభా 1541లో దాదాపు 28 లక్షలు, 1751లో 58 లక్షలు, 1841 నాటికి కోటిన్నర. ఇంతలా పెరగడానికి కారణం వైద్యం మెరుగుపడి చావులు తగ్గడమే అని నేను చదువుకున్నాను, అదే పిల్లలకూ చెప్పాను. రిజిస్టర్లు వేరే మాట చెప్పాయి: ఆడవాళ్ళు ఇరవయ్యారేళ్ళ దగ్గర చేసుకునే పెళ్ళిళ్ళు క్రమంగా ఇరవై నాలుగుకు దిగువకు జరిగాయి, పెళ్ళి మానేసేవాళ్ళు తగ్గారు, దాంతో కాన్పులు పెరిగాయి. చావులు తగ్గడం పాత్ర అంతకన్నా చిన్నది.

లాస్లెట్ చెప్పిన మరో సంగతి మనవాళ్ళు గట్టిగా నమ్మేదానికి అడ్డం వెళుతుంది. యంత్రాలు రాకముందు ఇంగ్లండులోనూ తాతలూ మనవళ్ళూ అందరూ ఒకే కప్పు కింద ఉండేవారని అనుకునేవారు. ఆ కాలంలో రాసిపెట్టిన వంద ఊళ్ళ జాబితాలు లెక్కిస్తే, ఇంటికి సగటున 4.75 మంది తేలారు. అందులో పనివాళ్ళు కూడా కలిసి ఉన్నారు. నాటింగ్‌హామ్‌షైర్‌లోని క్లేవర్త్ గురువు తన ఊరి జనాన్ని 1676లోనూ, మళ్ళీ 1688లోనూ పేరుపేరునా రాశాడు. పన్నెండేళ్ళలో సగానికి పైగా పేర్లు మారిపోయాయి. చచ్చిపోయినవాళ్ళు కొందరైతే, పాలేరుతనానికీ పెళ్ళికీ ఊరు మారినవాళ్ళు మిగతావాళ్ళు. పల్లె అంటే తరతరాలు కదలని మనుషులని ఎవరు చెప్పారో గానీ, నాకు అప్పటి నుంచి మా ఊరి మీద కూడా అనుమానం మొదలైంది.

ఈ పుస్తకాలలో లేనివాళ్ళూ ఉన్నారు. అది ప్రభుత్వ చర్చి పుస్తకం కాబట్టి క్వేకర్లు, బాప్టిస్టులు, కాథలిక్కులు అందులో సరిగా కనిపించరు. బాప్తిస్మం తేదీయే తప్ప పుట్టిన తేదీ చాలా చోట్ల ఉండదు. రెంటికీ మధ్య కన్నుమూసిన పసికందు బాప్తిస్మాల లెక్కలోకి రాదు. కొన్ని చోట్ల మాత్రం అక్కర్లేనిది అతిగా ఉంటుంది. ఉన్ని వ్యాపారం పెంచడానికి పదిహేడో శతాబ్దంలో శవాన్ని ఉన్నిబట్టలోనే చుట్టాలని చట్టం చేసి, అలా చుట్టామని ప్రమాణపత్రం తెమ్మన్నారు. పత్రం అందినట్టు భూస్థాపన పద్దుల పక్కన గురువులు రాసిపెట్టారు. పత్తి పండించే గుంటూరులో కూర్చుని ఇది చదవడం ఒక తమాషా.

నా మనసుకు బాగా దగ్గరైనది మాత్రం రిజిస్టరు కాదు, ఒక జమాఖర్చుల పుస్తకం. డెవన్‌లో మోర్‌బాత్ అని ముప్పై చిల్లర కుటుంబాల ఊరు. అక్కడ క్రిస్టఫర్ ట్రికీ అనే గురువు 1520 నుంచి 1574 దాకా ఉన్నాడు. వార్డెన్ల లెక్కలను ఆయనే తన చేత్తో రాసి, ఏటా ఊరందరి ముందూ చదివి వినిపించేవాడు. చర్చిలో ఒక్కో దీపానికీ, ఒక్కో పునీతుడి విగ్రహానికీ ఒక్కో నిధి ఉండేది. ఆ నిధులకు గొర్రెలుండేవి. ఆ గొర్రెలను ఊళ్ళో ఇంటింటి మందలో ఒకటీ రెండూ చొప్పున మేపేవారు. ఎవరి గొర్రె ఈనిందో, ఎవరిది చచ్చిందో, ఉన్ని ఎంత పలికిందో అన్నీ ఆ పుస్తకంలో ఉన్నాయి. మన పల్లెల్లో గుడి మాన్యం లెక్కలు రాసిన కరణాల కవిలెలు చూసినవాళ్ళకు ఆ ధోరణి పరిచయమైనదే, కాకపోతే కరణానికి లేని ఒక చాపల్యం ఈయనకు ఉంది: తన సంతోషాన్నీ విసుగునూ దాచుకోడు.

ఆయనకు జీవితంలో ఒక కోరిక. చనిపోయినవారి కోసం చేసే పూజకు నల్లని వస్త్రాలు కొనాలని ఏళ్ళ తరబడి పెన్నీ పెన్నీ కూడబెట్టాడు. ఎట్టకేలకు అవి చర్చికి వచ్చేసరికి 1547 అయింది. ఆ ఏడే హెన్రీ పోయాడు. బాలుడైన ఆరో ఎడ్వర్డు పాలనలో ఆ పూజలే రద్దయ్యాయి. దీపాలు ఆర్పించారు, నిధులు పోయాయి, వాటితోపాటు గొర్రెలూ పోయాయి. 1549లో కొత్త ఇంగ్లీషు ప్రార్థన పుస్తకం మీద పడమటి జిల్లాలు తిరగబడినప్పుడు, ఈ ఊరు అయిదుగురు కుర్రాళ్ళకు ఆయుధాలూ దారి ఖర్చులూ ఇచ్చి ఎక్సెటర్ బయటి సెయింట్ డేవిడ్స్ డౌన్ శిబిరానికి పంపింది. ఆ ఖర్చూ పద్దులో ఉంది. అది తిరుగుబాటుదారుల శిబిరమని, అంటే ఆ బీద ఊరు రాజుకు ఎదురు వెళ్ళిందని, ఈమన్ డఫీ అనే చరిత్రకారుడు 2001లో వాదించాడు. ఊరి డబ్బుతో రాజద్రోహానికి మనుషుల్ని పంపి, ఆ ఖర్చును లెక్కల పుస్తకంలో రాసుకున్న నిజాయతీని ఏమనాలో నాకు తెలియలేదు. మేరీ రాణి వచ్చి పాత పూజలు తిరిగి వచ్చినప్పుడు ఆయన ఊరట పుటల్లో కనిపిస్తుంది. ఎలిజబెత్ వచ్చి మళ్ళీ అంతా మారితే మారినదానికి సర్దుకుని, అదే ఊరికి గురువుగానే పోయాడు. అటు ఇటు మారినవాడని ఆయనను తేలిక చేయడం సులువు. యాభై నాలుగేళ్ళు ఒకే ఊరి గొర్రెలు లెక్కపెట్టినవాడికి ఆ ఊరు వదిలి వెళ్ళడం మతం మార్చుకోవడంకన్నా కష్టమై ఉంటుందని నాకనిపిస్తుంది.

ఇవన్నీ తలలో తిరుగుతుండగా, పోయిన నెల కృష్ణ దాటి బెజవాడ వెళ్ళాను. ఇంగ్లండుకు చెందిన చర్చి మిషనరీ సొసైటీ వాళ్ళు 1841లో బందరులో పని మొదలుపెట్టాక ఈ ప్రాంతంలో వెలసిన సంఘాలలో ఒకదానికి నా పాత స్నేహితుడు పెద్దగా ఉన్నాడు. పాత రిజిస్టరు చూపించమంటే ఇనప బీరువా దగ్గరికి తీసుకెళ్ళాడు. దానికి రెండు తాళాలు. ఒకటి పాస్టరుగారి దగ్గర, రెండోది కోశాధికారి దగ్గర. 1812లో పార్లమెంటు చేసిన చట్టం రిజిస్టర్లను ఇనప పెట్టెలోనే ఉంచమన్నదని, అచ్చు వేసిన గళ్ళ పుస్తకం వాడమన్నదని చెబితే నా స్నేహితుడు పెద్దగా పట్టించుకోలేదు. తీరా పుస్తకం తెరిస్తే అవే గళ్ళు: బాప్తిస్మం తేదీ, బిడ్డ పేరు, తల్లిదండ్రుల పేర్లు, నివాసం, వృత్తి, ఇచ్చినవారి సంతకం. వృత్తి గడిలో పేజీల కొద్దీ కూలి, కూలి, కూలి. మధ్యలో ఒకచోట చెప్పులు కుట్టుట. ఒకే రోజున బాప్తిస్మం పొందిన పెద్దవాళ్ళ వయసులు పేరు పక్కన చిన్న అక్షరాలతో వేశారు: 20, 25, 30, 30, 40. ఇరవై ఏడేళ్ళవాడు, ముప్పై మూడేళ్ళవాడు ఒక్కడూ లేడు. ఆ అంకెలు వేసిన మనిషి ఒక్కొక్కరినీ ఎగాదిగా చూసి వేసి ఉంటాడు.

ఫొటోలు వద్దన్నారు కాబట్టి నోటుబుక్కులో రాసుకుంటూ కూర్చున్నాను. కోశాధికారిగారు భోజనానికి వేళయిందని తాళంచెవి చేతిలో తిప్పుతూ గుమ్మంలో నిలబడేసరికి 1908 దగ్గర ఉన్నాను. మిగతాది వచ్చే శనివారం.