రీబూట్ చేశాక పోయిన వైఫై

మా తమ్ముడు అశోక్‌నగర్‌లో గది తీసుకుని గ్రూప్స్‌కి చదువుతున్నాడు. పగలంతా చిక్కడపల్లి సెంట్రల్ లైబ్రరీలో, రాత్రి ఆన్‌లైన్ క్లాసులతో. వాడి కోసం సికింద్రాబాద్‌లోని సీటీసీ అనే కంప్యూటర్ల మార్కెట్‌లో ఒక సెకండ్ హ్యాండ్ ల్యాప్‌టాప్ కొన్నాను. ర్యామ్ 4 జీబీ. అందులో ఉన్న విండోస్ మీద క్లాసు వీడియో ఆగి ఆగి నడిచేది. అందుకే విండోస్ బదులు ఆర్చ్ లినక్స్ అనే ఉచిత ఆపరేటింగ్ సిస్టమ్ వేద్దామనుకున్నాను. మనం అడిగి వేసుకున్నవి తప్ప అందులో పెద్దగా ఇంకేమీ ఉండవు, పాత మెషీన్‌కి అదే కావాలి.

శనివారం సాయంత్రం వాడి గదిలోనే కూర్చున్నాను. ఆర్చ్ ఉన్న పెన్‌డ్రైవ్‌తో బూట్ చేసి, ఐడబ్ల్యూసీటీఎల్ అనే కమాండ్‌తో వైఫై పేరు, పాస్‌వర్డ్ ఇచ్చాను. వెంటనే కలిసింది. డిస్క్ భాగాలు చేయడం, కనీస సామాను అయిన బేస్ ప్యాకేజీలు దించడం గంటలో అయిపోయాయి. పెన్‌డ్రైవ్ తీసి రీబూట్ చేశాను. లాగిన్ వచ్చింది, నెట్ లేదు. ఐడబ్ల్యూసీటీఎల్ కొడితే అలాంటి కమాండే లేదంది.

కాసేపు ఏమీ అర్థం కాలేదు. ఇప్పటిదాకా ఇదే ల్యాప్‌టాప్‌లో, ఇదే గదిలో వైఫై పనిచేసింది కదా! తర్వాత వెలిగింది. పనిచేసింది పెన్‌డ్రైవ్‌లోని సిస్టమ్. దాని సామాను దానిది. కొత్తగా వేసిన దాంట్లో నెట్‌వర్క్ చూసుకునే ప్రోగ్రామ్ ఏదీ నేను వేయనే లేదు.

టెన్షన్ పక్కన పెట్టి కింది నుంచి ఒక్కొక్కటే చూసుకుంటూ వచ్చాను. ముందు వైఫై కార్డు. మెషీన్‌లోని పరికరాల్ని చూపించే ఎల్‌ఎస్‌పీసీఐ కమాండ్‌కి కే ఆప్షన్ జోడించి చూస్తే బ్రాడ్‌కామ్ బీసీఎం 43142 అని కనబడింది. మిగతా పరికరాల కింద వాటిని ఏ డ్రైవర్ నడుపుతోందో చెప్పే ‘కర్నెల్ డ్రైవర్ ఇన్ యూజ్’ అనే లైను ఉంది, దీని కింద వైఫైని నడిపే డ్రైవర్ పేరే లేదు. అంటే కార్డు ఉంది, దాన్ని నడిపే డ్రైవర్ లేదు. ఈ చిప్‌కి కర్నెల్‌తో, అంటే లినక్స్ మూలభాగంతో వచ్చే డ్రైవర్లు సరిపోవు, డబ్ల్యూఎల్ అనే డ్రైవర్‌ని విడిగా వేసుకోవాలి. దాన్ని దించుకోవడానికి నెట్ కావాలి. రూటర్ ఏమో కింది అంతస్తులో ఓనర్ ఆంటీ వాళ్ల హాల్లో ఉంది, కేబుల్ లాగే వీలు లేదు.

“అన్నా, నా ఫోన్ పెట్టి చూడు” అన్నాడు తమ్ముడు. ఫోన్‌ని కేబుల్‌తో కలిపి, దాని నెట్‌ని ల్యాప్‌టాప్‌కి ఇచ్చే యూఎస్‌బీ టెథరింగ్ ఆన్ చేశాడు. నెట్‌వర్క్ కార్డుల్ని చూపించే ఐపీ లింక్ కమాండ్ కొడితే ఈఎన్ అక్షరాలతో కొత్త కార్డు ఒకటి కనబడింది. ఫోన్ అలా కలిపితే సిస్టమ్‌కి అది మామూలు వైరు కనెక్షన్‌లాగే కనిపిస్తుంది. కానీ దానికి నెట్‌వర్క్‌లో గుర్తింపు నంబరు, అంటే ఐపీ అడ్రస్ లేదు, అడిగి తెచ్చే ప్రోగ్రామ్ ఏదీ నడవట్లేదు కాబట్టి.

ఇక్కడే ఆర్చ్ వాడేవాళ్లు రాసిపెట్టిన ఆర్చ్ వికీ ఆదుకుంది. ఎంత ఓపికగా రాశారో, వాళ్లకి దండం పెట్టాలి. సర్వీసుల్ని నడిపే సిస్టమ్‌డీ ఎలాగూ ఉంటుంది, నేను విడిగా వేయకపోయినా దానితోపాటే నెట్‌వర్క్ చూసుకునే నెట్‌వర్క్‌డీ కూడా వచ్చి ఉంటుంది, లేపితే చాలు. ఫోన్‌లో వికీ చూస్తూ నాలుగు లైన్ల ఫైలు రాశాను: మ్యాచ్ అని ఒక శీర్షిక, దాని కింద ఈఎన్‌తో మొదలయ్యే ఏ కార్డైనా అని, నెట్‌వర్క్ అని రెండో శీర్షిక, దాని కింద డీహెచ్‌సీపీ యెస్ అని, అంటే ఐపీ అడ్రస్ నువ్వే అడిగి తెచ్చుకో అని. సైట్ల పేర్లకి నంబర్లు వెతికిపెట్టే రిజాల్వ్‌డీని కూడా స్టార్ట్ చేసి, పేర్లు ఎవర్ని అడగాలో చెప్పే రిజాల్వ్ డాట్ కాన్ఫ్ ఫైలుని దానికి లింక్ చేశాను. అవతలి నుంచి జవాబు వస్తుందో లేదో చూసే పింగ్ కమాండ్ కొడితే జవాబులు వరసగా పడ్డాయి. తమ్ముడు నా భుజం గట్టిగా పట్టుకున్నాడు.

తమ్ముడి డేటా మీదే వైఫై చూసుకునే నెట్‌వర్క్‌మేనేజర్, డ్రైవర్ కట్టడానికి కావలసిన కర్నెల్ హెడర్లు, బ్రాడ్‌కామ్ డ్రైవర్‌లో డీకేఎంఎస్ రకం దించాను. నెట్‌వర్క్‌మేనేజర్‌ని ఎనేబుల్ చేయబోతే, అంటే బూట్ అయినప్పుడల్లా దానంతటదే మొదలయ్యేలా పెట్టబోతే, అలాంటి సర్వీసే లేదని వచ్చింది. మళ్లీ కొట్టాను, మళ్లీ అదే. పేరులో ఎన్, ఎమ్ పెద్ద అక్షరాలు. నేను అన్నీ చిన్నవే కొడుతున్నాను. దానికే పావుగంట పోయింది.

రీబూట్ చేశాక నెట్‌వర్క్‌మేనేజర్‌తో మాట్లాడే ఎన్‌ఎంసీఎల్‌ఐ కమాండ్‌లో ఇంటి వైఫై కనబడింది. పాస్‌వర్డ్ కమాండ్‌లోనే రాస్తే హిస్టరీలో మిగిలిపోతుంది కాబట్టి ఆస్క్ ఆప్షన్ పెట్టి విడిగా అడిగించుకున్నాను. కలిసింది, ఐపీ వచ్చింది, అయినా ఒక్క సైటూ తెరుచుకోదు. గూగుల్ వాళ్ల 8.8.8.8 అనే నంబరుకి పింగ్ వెళ్తోంది, పేరు పెట్టి కొడితే వెళ్లట్లేదు. దారి బాగానే ఉంది, పేరుకి నంబరు చెప్పేవాడే లేడు. రిజాల్వ్‌డీని నేను స్టార్ట్ మాత్రమే చేశాను, ఎనేబుల్ చేయలేదు. రీబూట్‌తో అది ఆగిపోయింది, లింక్ మాత్రం దానివైపే చూపిస్తోంది. ఎనేబుల్ చేసి, స్టార్ట్ కూడా చేయగానే సైట్లన్నీ తెరుచుకున్నాయి. అప్పటికి రాత్రి ఒంటిగంట. నెట్‌వర్క్‌డీని కూడా స్టార్టే చేశాను కాబట్టి అదీ రీబూట్‌తో ఆగిపోయింది. అదే మంచిదైంది, ఎనేబుల్ చేసి ఉంటే ఒకే కార్డు కోసం ఇద్దరు పెత్తనం చేసేవాళ్లు.

ఆదివారం ఇంకో పని చేశాను. కరెంటు పోతే ఓనర్ ఆంటీ వాళ్ల రూటర్ కూడా పోతుంది. అందుకని తమ్ముడి ఫోన్ హాట్‌స్పాట్‌ని రెండో కనెక్షన్‌గా పెట్టి, ఆటోకనెక్ట్ ప్రయారిటీ ఇంటి వైఫైకి 10, హాట్‌స్పాట్‌కి 5 ఇచ్చాను. నంబరు పెద్దదైతే ముందు దానికే కలుస్తుంది. హాట్‌స్పాట్‌ని మీటర్డ్ అని గుర్తుపెట్టాను, డేటా లెక్క ఉంటుందని ప్రోగ్రాములకి తెలియడానికి.

“అప్‌డేట్ చేస్తే మళ్లీ పోతుందా అన్నా?” అని అడిగాడు. పోకూడదనే డీకేఎంఎస్ రకం వేశానని చెప్పాను, కర్నెల్ మారినప్పుడల్లా అది డ్రైవర్‌ని మళ్లీ కట్టుకుంటుంది. రెండు వారాల తర్వాత కొత్త కర్నెల్ వచ్చింది. వాడే అప్‌డేట్ చేసి, రీబూట్ చేసి, రాత్రి క్లాసు నడుస్తున్న స్క్రీన్‌ని ఫొటో తీసి పంపాడు.