గ్రహణం వేళ సోనోరా బజారులో

మెక్సికో నగరంలో సోమవారం నాడు చాలా మ్యూజియంలు తెరవరు. టికెట్లు కొనే ముందే చూసుకోవలసిన సంగతి ఇది. 2024 ఏప్రిల్ 8, పొద్దున తొమ్మిది గంటలకు అమ్మా నేనూ ఇనుప కమ్మీల అవతల ఉన్న టెంప్లో మయోర్ శిథిలాలను చూస్తూ నిలబడ్డాం. స్పెయిన్ వాళ్లు రాకముందు ఈ నగరాన్ని ఏలిన అజ్‌టెక్‌ల పెద్ద గుడి అది. ఒకే పీఠం మీద రెండు గర్భగుళ్లు ఉండేవి: ఒకటి వానదేవుడు త్లాలోక్‌కు, మరొకటి యుద్ధదేవుడు ఉయిత్సిలోపోచ్‌త్లికి. లోపలికి వెళ్లి చూడాలని నాకు ఎన్నేళ్ల కోరికో. కాపలాదారు తల అడ్డంగా ఊపి, రేపు రమ్మన్నాడు. మా విమానం ఆ రాత్రికే.

హోటల్‌కు తిరిగి వస్తే పదకొండుకల్లా గది ఖాళీ చేయాలన్నారు. రెండు గంటల దాకా ఉండాలంటే మరో 400 పెసోలట, అంటే మన లెక్కలో 2,000 రూపాయలు. మూడు గంటలు ఒక కుర్చీలో కూర్చోవడానికి! నాకు ఒళ్లు మండింది. మామూలు రోజైతే సామాను అక్కడే వదిలేసి వీధులు తిరిగేవాళ్లం. ఆ రోజు మామూలు రోజు కాదు. పది గంటల 55 నిమిషాలకు గ్రహణం పట్టబోతోంది. గ్రహణం వేళ నెత్తిన కప్పు లేకుండా అమ్మ ఉండదు.

డల్లాస్‌లో ఉండేవారికి ఆ రోజు గుర్తుండే ఉంటుంది. సంపూర్ణ సూర్యగ్రహణం సరిగ్గా మా ఊరి మీదుగా పోతోందని నెల ముందు నుంచే హడావిడి. ఎక్కడెక్కడి నుంచో స్నేహితులు మా ఇళ్లకు వచ్చి దిగుతుంటే నేను అమ్మను తీసుకుని ఊరు విడిచి వెళ్లాను. నల్గొండ నుంచి అమ్మ వచ్చి అప్పటికి రెండు నెలలు. "పట్టపగలు చీకటి పడే చోట నేనుండలేను, ఎక్కడికైనా తీసుకుపో" అంది. మెక్సికో నగరంలో గ్రహణం పాక్షికమే, సూర్యుడు 80 శాతం దాకా మాత్రమే కప్పబడతాడు. అమెరికా వీసా ఉంటే వేరే వీసా అక్కర్లేదు. "చీకటి కాకపోతే చాలు" అని అమ్మ ఒప్పుకుంది.

శనివారం గురించి చెప్పడానికేమీ లేదు, ఎత్తు పడక ఇద్దరికీ తలనొప్పి. ఆదివారం మానవశాస్త్ర మ్యూజియంకు వెళ్లాం. ఆదివారం స్థానికులకు ప్రవేశం ఉచితం కాబట్టి తిరునాళ్ల జనం. మాకు మాత్రం తలకు 95 పెసోలు. అంతా చూడడానికి వారం కావాలి. మేం చూసింది ఒక్క అజ్‌టెక్ గదే, అందులోనూ గంటకు పైగా ఒక్క విగ్రహం ముందే గడిపాం.

ఆ విగ్రహం కోవత్లీక్వే. పేరుకు పాముల పావడా కట్టుకున్నది అని అర్థం. రెండు నిలువుల కంటే తక్కువైనా రెండున్నర మీటర్లకు పైగా ఎత్తున్న రాతి తల్లి. తల ఉండవలసిన చోట ఎదురెదురుగా రెండు పాము ముఖాలు. మెడలో మనుషుల చేతులు, గుండెలు గుచ్చిన దండ, దాని కింద పుర్రె. నడుము కింద జడల్లా అల్లుకున్న పాములు. 1790లో నగరం నడిబొడ్డున తవ్వకంలో బయటపడితే విశ్వవిద్యాలయం ప్రాంగణంలో పెట్టారు. జనం పూలూ కొవ్వొత్తులూ పట్టుకుని రావడం మొదలుపెట్టేసరికి పాలకులు భయపడి మళ్లీ మట్టిలో పాతేశారు. నేను ఇదంతా చెబుతుండగానే అమ్మ రెండు చేతులూ జోడించేసింది.

"ఈ తల్లి కథేమిటి?" అంది.

చెప్పాను. కోవత్లీక్వే పాముల కొండ మీద గుడి ఊడుస్తుంటే పైనుంచి ఈకల ఉండ ఒకటి రాలింది. దాన్ని నడుముకు దోపుకుంది. ఊడ్చడం అయ్యాక చూసుకుంటే ఉండ లేదు, కడుపు వచ్చింది. పరువు పోయిందని ఆమె కూతురు కోయోల్‌షావ్‌కి 400 మంది తమ్ముళ్లను వెంటబెట్టుకుని తల్లిని చంపడానికి బయలుదేరింది. తల్లి వణికిపోతుంటే కడుపులోని బిడ్డ, "భయపడకు" అన్నాడు. వాళ్లు కొండెక్కేసరికి ఆయుధంతో సహా పుట్టి, అక్కను ముక్కలు చేసి కొండ మీది నుంచి దొర్లించాడు. అతనే ఉయిత్సిలోపోచ్‌త్లి. అజ్‌టెక్‌లు పెద్ద గుడి మెట్ల మీది నుంచి బలి అయిన మనుషుల శరీరాలను దొర్లించింది ఆ కథను మళ్లీ మళ్లీ జరిపించడానికే. ఆ రక్తం సంగతి దాచిపెట్టి ఈ దేవతల గురించి చెప్పడం నాకు ఇష్టం ఉండదు. అమ్మకూ దాచలేదు.

అమ్మ బలుల దగ్గర ఆగలేదు. "అయితే ఆమె చేసిన తప్పు ఊడవడమేనా?" అంది. ఆ తర్వాత చాలాసేపు మాట్లాడలేదు. కడుపులోంచి మాట్లాడిన బిడ్డ అనగానే ప్రహ్లాదుడి ప్రస్తావన తెస్తుందనుకున్నాను. తేలేదు.

బయట చెట్ల కింద ఒకావిడ బొగ్గుల పొయ్యి మీద పెద్ద పెనం పెట్టి త్లకోయోలు కాలుస్తోంది. నీలిరంగు మొక్కజొన్న పిండిలో చిక్కుడు ముద్ద పెట్టి, కోలగా ఒత్తి, నూనె లేకుండా కాల్చే రొట్టె. ఒకటి 35 పెసోలు, 175 రూపాయలకు నాలుగు ముక్కలు. అమ్మ తింటూ ఒళ్లో రాలిన పలుకులను వేలితో అద్ది నోట్లో వేసుకుంది. ఇంట్లో అన్నం మెతుకు నేల మీద పడినా అంతే. అప్పుడే నాకు సహగున్ రాయించిన మాట గుర్తొచ్చింది. స్పెయిన్ వాళ్లు ఈ నగరాన్ని 1521లో కూల్చాక, సహగున్ అనే ఫ్రాన్సిస్కన్ శాఖ క్రైస్తవ సన్యాసి, అజ్‌టెక్‌ల భాష నావాటల్ మాట్లాడే పెద్దలను కూర్చోబెట్టి, వారి దేవతలూ పండుగలూ శకునాలూ అన్నీ 12 సంపుటాలుగా రాయించాడు. నేల మీద మొక్కజొన్న గింజ కనబడితే తప్పక ఏరాలట, లేకపోతే "నన్ను వదిలేసింది, శిక్షించు" అని అది దేవుడితో మొరపెట్టుకుంటుందట. గింజలను కుండలో పోసే ముందు ఆడవాళ్లు వాటి మీద నోటితో వెచ్చగా ఊదేవారట, వేడికి అవి భయపడకుండా. అమ్మకు ఈ ఊదడం ఎంత నచ్చిందో! "బియ్యం కడిగేటప్పుడు మనకీ ఆలోచన రాలేదే" అంది.

ఇక సోమవారానికి వస్తాను. సామాను హోటల్‌లోనే పెట్టి, ఐదు పెసోలకు మెట్రో ఎక్కి మెర్సెద్ స్టేషన్‌లో దిగాం. అక్కడికి దగ్గరలోనే సోనోరా బజారు. పెద్ద రేకుల షెడ్డు. మూలికలు, కొవ్వొత్తులు, తాయెత్తులు, బొమ్మలు, కుండలు, బోనుల్లో కోళ్లు. మంత్రగాళ్ల బజారని పేరు. ఫోటోలు తీస్తే ఊరుకోరు కాబట్టి ఫోను సంచిలో పెట్టేశాను. లోపల అడుగు పెట్టగానే కొపాల్ పొగ. చెట్టు బంక అది, దేవతల ముందు అప్పుడూ వేసేవారు, ఇప్పుడూ వేస్తున్నారు. "సాంబ్రాణి" అంది అమ్మ, సగం దిగులు తీరినట్టు.

అంగళ్ల ముందు వేలాడుతున్నవన్నీ అమ్మకు తెలిసినవే అనిపించాయి. ఎర్రదారం కుచ్చు కట్టిన పెద్ద గోధుమరంగు గింజ, చంటిపిల్లలకు దిష్టి తగలకుండా చేతికి కట్టేది. మన దూలగొండి జాతిదే. దిష్టి తీయడానికి గుడ్డు, ఆకుల కట్టలు. ఎండుమిరపకాయల బస్తాలు చూసి, మిరప ఈ దేశం నుంచే మన దగ్గరకు వచ్చిందని చెప్పాను, బంతిపువ్వు కూడా. నమ్మడానికి అమ్మకు కొంత సమయం పట్టింది. ఒకచోట గాజు పెట్టెలో బొటనవేలంత పొట్లం ఉంది. ఎర్ర పట్టుగుడ్డ, దారం చుట్లు, కొసన సూదిలాంటి ముక్కు. దగ్గరగా చూస్తే ఎండిపోయిన హమ్మింగ్‌బర్డ్, మన తేనెపిట్టలాంటిది. కళ్లున్న చోట రెండు ముడతలు. మెడ దగ్గర మిగిలిన నాలుగు ఈకలు ఇంకా పచ్చగా మెరుస్తున్నాయి. వశీకరణానికట. ఉయిత్సిలోపోచ్‌త్లి పేరులో ఉన్నది ఆ పిట్టే. యుద్ధంలో చనిపోయినవారు నాలుగేళ్లు సూర్యుడి వెంట నడిచి, ఆ పైన అలాంటి పిట్టలై పూలలో తేనె తాగుతారని నమ్మేవారు. ఇంత గొప్ప ఊహ చివరికి చచ్చిన పిట్టల అమ్మకం దగ్గరకు వచ్చి ఆగింది. నాకు దుఃఖం వచ్చింది, కోపమూ వచ్చింది. అమ్మను అక్కడి నుంచి లాక్కుపోయాను.

మూలికలమ్మే అంగడి ఒకదాని ముందు వెలుతురు మారింది. ఎండ సన్నబడింది కానీ మబ్బు నీడలా లేదు. రేకుల చిల్లుల్లోంచి నేల మీద పడే గుండ్రటి మచ్చలన్నీ ఒక్కసారిగా నెలవంకలయ్యాయి. ఆకుల కట్టల మీద, అమ్మ చీర అంచు మీద, కొవ్వొత్తుల మీద వందల చిన్న చంద్రవంకలు. అమ్మ నా చేయి పట్టుకుంది. ఆ చేయి చల్లగా ఉంది.

అంగడిలో ఒక పెద్దావిడ, ఆమె వెనక ముక్కాలిపీట మీద నిండు కడుపుతో ఇరవై ఏళ్ల పిల్ల. ఆ పిల్ల నడుముకు ఎర్ర రిబ్బన్, సరిగ్గా బొడ్డు దగ్గర ఒక పెద్ద పిన్నీసు. అమ్మ చూపు దాని మీదే నిలిచిపోయింది. "అది ఎందుకో అడుగు" అంది.

నాకు టెక్సాస్‌లో నేర్చుకున్న స్పానిష్ ఉంది. అడిగాను. పెద్దావిడ తన పై పెదవి మధ్య వేలుపెట్టి, కిందికి గీసి చూపించింది. "గ్రహణం బిడ్డను కొరకకుండా." పిన్నీసును ఆమె సెగురో అంది. ఆ మాటకు భద్రం అనే అర్థం.

ఇది నేను సహగున్ రాతల్లో చదివాను. సూర్యగ్రహణాన్ని నావాటల్‌లో తొనాతియు క్వాలో అంటారు, సూర్యుణ్ణి తినేస్తున్నారు అని. మనం మింగాడంటాం, అంతే తేడా. చంద్రగ్రహణం వేళ గర్భిణులు నల్లటి గాజురాయి పెచ్చును నోట్లోనో నడుము దగ్గరో పెట్టుకునేవారు, బిడ్డ పెదవి లేకుండా పుట్టకూడదని. ఆ రాయి మంత్రగాళ్ల దేవుడు తెస్కత్లిపోకాది. పొగలు కక్కే అద్దం అని ఆయన పేరు. రాత్రిళ్లు తలుపు వెనక నీళ్ల గిన్నెలో ఆ రాతి కత్తిని వేసి పెడితే, మంత్రగాడు అందులో తన ముఖం చూసుకుని పారిపోతాడని ఇంటింటా నమ్మకం. రాయి పోయి ఇనుము వచ్చింది. భయం పోలేదు.

కాని ఆ క్షణంలో ఇదేదీ చెప్పడానికి నాకు నోరు రాలేదు. నా తమ్ముడు గ్రహణం మొర్రితో పుట్టాడు.

1980 ఫిబ్రవరి 16న నల్గొండ ప్రాంతంలో సంపూర్ణ సూర్యగ్రహణం. తమ్ముడు అమ్మ కడుపులో నాలుగో నెల. "కొడవలి పట్టింది, నా మనవడి పెదవి కోసింది" అని నానమ్మ చనిపోయేదాకా అంటూనే ఉంది. పెళ్లిళ్లలో, పేరంటాల్లో, వచ్చినవాళ్లందరి ముందూ. బిడ్డ పెదవి ఏర్పడేది గర్భం ఏడో వారంలోపేననీ, ఆ రోజుకే అంతా అయిపోయిందనీ నేను పెద్దయ్యాక డాక్టరును అడిగి అమ్మకు చెప్పాను. విని ఊరుకుంది.

"ఈమెకు చెప్పు" అంది అమ్మ ఇప్పుడు. తను చెబుతుంటే నేను స్పానిష్‌లోకి మారుస్తూ పోయాను. దూడ మెడకు పలుపు బిగుసుకుందట. కళ్లు తేలేసిందట. ఇంట్లో మగవాళ్లెవరూ లేరు. గుమ్మంలో నిలబడి "కొయ్యి, కొయ్యి" అని అరిచింది నానమ్మేనట. అమ్మ కొడవలి తీసుకుని వాకిట్లోకి పరుగెత్తిందట. దూడ సంగతి నేను వినడం అదే మొదటిసారి. మధ్యలో నా గొంతు పోయింది. అమ్మ ఆగి, నేను తేరుకునేదాకా చూసింది.

పెద్దావిడ అంతా విని ఒక్కటే అడిగింది.

"మీకు పిన్నీసు ఎవరూ పెట్టలేదా?"

అమ్మకు అర్థం కాలేదు. నేను మళ్లీ చెప్పాను. పెద్దావిడ కూర్చున్న పిల్ల వైపు చూపించి, "దీనికి నేను పెట్టాను. అత్తో అమ్మో పెట్టాలి. కడుపుతో ఉన్నది తన సంగతి తాను ఎలా చూసుకుంటుంది?" అంది. కొట్టినట్టు కాదు, ఎవరి మీదా ఫిర్యాదులా కాదు. ఉప్పు ఎంత వేయాలో చెప్పినట్టు చెప్పింది.

పన్నెండుంపావు దాటింది. నెలవంకలు మెల్లగా లావెక్కుతున్నాయి. అమ్మ పుస్తెలతాడుకు ఎప్పుడూ రెండు పిన్నీసులు వేలాడుతుంటాయి, చీర కుచ్చిళ్లకు అవసరపడతాయని. అందులో ఒకటి విప్పి, కొంగుతో తుడిచి, ఆ పిల్ల ముందు వంగింది. అనుమతి కోసం పెద్దావిడ ముఖం చూసింది. ఆమె తలూపింది. అమ్మ ఆ ఎర్ర రిబ్బన్ మీద, ఉన్న పిన్నీసు పక్కనే, రెండోది పెట్టి మూసింది. ఆ పిల్ల నవ్వింది. కొపాల్ బంక పావు కిలో కొన్నాం. పెద్దావిడ డబ్బు తీసుకుంది కానీ ఎండిన పచ్చిక కట్ట ఒకటి ఊరికే చేతిలో పెట్టింది.

రాత్రి విమానాశ్రయంలో కూర్చుని అమ్మ నా తమ్ముడికి ఫోను చేసింది. నల్గొండలో అప్పుడే తెల్లవారుతోంది. తిన్నావా, పిల్లలు లేచారా అని అడగలేదు.

"ఆ దూడ బతికిందిరా" అంది. "నువ్వు బడికి వెళ్లే రోజుల్లో మనింట్లో పాలు దానివే."

ఏ దూడ అని వాడు అడుగుతున్నాడు. అమ్మ మొదటి నుంచి చెప్పడం మొదలుపెట్టింది.