ఆర్థర్ రాజు ఊళ్ళలో మామయ్యగారితో

"ఇంతకీ ఆయన ఉన్నాడా, లేడా?"

బ్రిస్టల్‌లో బయల్దేరి ఎం5 రోడ్డు మీద ఎక్సెటర్ దాటేలోపు మామయ్యగారు ఈ మాట మూడుసార్లు అడిగారు. ఆయనది కారంపూడి పక్క పల్లె. నలభై ఏళ్ళు మిరప వ్యాపారం చేసిన మనిషి. సరుకు చూడకుండా ధర చెప్పరు. కూతుర్ని చూడ్డానికి వచ్చి మూడు వారాలైంది. లండన్ చూపించాం, పెద్దగా ఆనలేదు. "ఇక్కడి వీరుడెవరైనా ఉంటే ఆ ఊరు చూపించండి అల్లుడుగారూ" అన్నారు. మా ఆవిడకి ఆ వారాంతం డ్యూటీ పడింది. పులిహోర డబ్బా కట్టిచ్చి మా ఇద్దర్నీ, ఆర్థర్ రాజు పుట్టాడని కథలు చెప్పే చోటికి, ఇంగ్లండ్ నైరుతి కొసనున్న కార్న్‌వాల్ పంపేసింది.

కారులో నాకు తెలిసింది చెప్పుకుంటూ వచ్చాను. రోమన్లు బ్రిటన్ వదిలిపోయింది అయిదో శతాబ్దం మొదట్లో. సముద్రం అవతలినుంచి శాక్సన్లు వచ్చి పడ్డారు. ఇక్కడి బ్రిటన్లు వాళ్ళని బేడన్ అనే చోట చావగొట్టారు. ఆరో శతాబ్దంలో గిల్డాస్ అనే సన్యాసి ఆ యుద్ధం గురించి రాశాడు కానీ ఆర్థర్ పేరే ఎత్తలేదు. ఆ తర్వాత మూడొందల ఏళ్ళకి, సుమారు 830లో, వేల్స్‌లో ఇంకొకరు రాసిన చరిత్రలో మొదటిసారి ఆర్థర్ కథగా కనిపిస్తాడు. అందులో ఆయన రాజు కూడా కాదు, యుద్ధనాయకుడు. పన్నెండు యుద్ధాలు గెలిచాడు. బేడన్‌లో ఒక్కరోజు ఒంటిచేత్తో 960 మందిని పడగొట్టాడు.

"తొమ్మిదొందల అరవైయా? లెక్క బాగానే పెట్టారు" అన్నారు మామయ్యగారు. వెయ్యి అంటే ఎవరూ నమ్మరని ఆయన ఉద్దేశం.

టింటాజెల్ చేరేసరికి పదకొండు. సెప్టెంబర్ ఎండ, చెవులు పీకేసే గాలి. ఊళ్ళో ప్రతి రెండో కొట్టు పేరులో ఆర్థర్ ఉంటాడు, లేదా ఆయన కథలోని మాయావి మెర్లిన్ ఉంటాడు. కొట్ల ముందు ప్లాస్టిక్ కత్తులు వేలాడుతున్నాయి. ఏ పుణ్యక్షేత్రానికెళ్ళినా రాగి చెంబులు, రుద్రాక్షలు వేలాడినట్టే. ఊళ్ళోంచి కోట దగ్గరికి బాగా దిగుడు. మోకాళ్ళ నొప్పులవాళ్ళ కోసం లాండ్ రోవర్ బండి తిరుగుతుంది. మామయ్యగారు అది ఎక్కనన్నారు. తిరిగి వచ్చేటప్పుడు మాత్రం మారు మాట్లాడకుండా ఎక్కారు.

టింటాజెల్ అంటే సన్నటి ద్వారం ఉన్న కోట అని కోర్నిష్ భాషలో అర్థం చెబుతారు. అక్కడ నిలబడితే ఆ పేరెందుకొచ్చిందో ఎవరూ చెప్పక్కర్లేదు. ప్రధాన భూమికీ, సముద్రంలోకి పొడుచుకెళ్ళిన కొండకీ మధ్య సన్నని నడుము లాంటి నేల ఉంటుంది. అదీ కోసుకుపోయి లోయయింది. ఒకప్పుడు అటు మెట్లు దిగి ఇటు మెట్లెక్కాలి. 2019లో దాదాపు డెబ్భై మీటర్ల వంతెన వేశారు. ఈ వంతెన రెండు ముక్కలు. అటునుంచి ఒక చెయ్యి, ఇటునుంచి ఒక చెయ్యి చాచినట్టు ఉంటుంది. నడుమ రెండూ కలవవు. నాలుగు సెంటీమీటర్ల సందు వదిలేశారు. ఈ ఒడ్డు వర్తమానం, ఆ ఒడ్డు గతం, ఇటు చరిత్ర, అటు కథ అని కట్టినవాళ్ళ భావమట.

మామయ్యగారు సరిగ్గా అక్కడే ఆగిపోయారు. అటూ ఇటూ పలకరాళ్ళు నిలువుగా, పుస్తకాల వరుసలా పేర్చి ఉన్నాయి. వాటి మధ్య సందులోంచి కింద తెల్లటి నురగ కనిపిస్తోంది. వెనకాల జనం ఆగారు. ఆయన చేతికర్ర మొనని సందులో పెట్టి చూశారు, సగం దిగింది. "అరవై ఏళ్ళొచ్చాక ఇలాంటివి చూపిస్తారా?" అని, కుడికాలు ముందు పెట్టి దాటారు. కొత్త ఇంట్లో అడుగుపెట్టినట్టే.

అవతల గడ్డి, గాలి, మొండిగోడలు. అక్కడ కూర్చుని అసలు కథ చెప్పాను. సుమారు 1136లో జెఫ్రీ ఆఫ్ మన్‌మత్ అనే మతాచార్యుడు బ్రిటన్ రాజుల చరిత్ర లాటిన్‌లో రాశాడు. ఊథర్ అనే రాజు కార్న్‌వాల్ దొర గోర్లాయిస్ భార్య ఇగ్రెయిన్ మీద మనసు పడ్డాడు. దొర ఆమెని ఈ కోటలో దాచి, తను ఇంకో కోటలో యుద్ధానికి దిగాడు. మెర్లిన్ అనే మాయావి ఊథర్‌కి గోర్లాయిస్ రూపం తెప్పించాడు. కాపలావాళ్ళు దొరగారే వచ్చారనుకుని దారిచ్చారు. ఆ రాత్రి ఆర్థర్ ఆమె కడుపున పడ్డాడు. అదే రాత్రి అక్కడ అసలు మొగుడు చచ్చిపోయాడు.

"ఇది గౌతముడి ఆశ్రమంలో ఇంద్రుడి కథేగా! మనవాళ్ళు శాపమన్నా పెట్టారు. వీళ్ళు ఏకంగా రాజుని పుట్టించారు" అన్నారాయన. నేను ఆ కథ ఇన్నిసార్లు చదివాను, అహల్య గుర్తుకు రాలేదు.

ఇక్కడ అసలు తమాషా మరొకటుంది. మేము ఆనుకుని కూర్చున్న గోడ ఆర్థర్ కాలంది కాదు. మూడో హెన్రీ రాజు తమ్ముడు రిచర్డ్ 1233లో ఈ స్థలం సంపాదించి కట్టించిన కోట ఇది. జెఫ్రీ పుస్తకం వచ్చి అప్పటికి వందేళ్ళు. సైన్యం పరంగా ఇక్కడ కోట కట్టి ఏ లాభమూ లేదు. కథలో ఉంది కాబట్టి కట్టాడు. ఆర్థర్ పుట్టుకతో ముడిపడ్డ చోట కోట ఉంటే కార్న్‌వాల్ జనం దృష్టిలో తన పరువు పెరుగుతుంది. స్థలపురాణం ముందు పుట్టింది, స్థలం తర్వాత లేచింది.

అలాగని ఇదంతా ఉత్తదే అని కొట్టిపారేయడానికీ లేదు. 1930ల్లో రాలీ రాడ్‌ఫర్డ్ అనే పురావస్తు పరిశోధకుడు ఇక్కడ తవ్వితే మధ్యధరా సముద్రం తూర్పు తీరంనుంచి, ఉత్తర ఆఫ్రికానుంచి వచ్చిన కుండపెంకులు గుట్టలుగా బయటపడ్డాయి. అయిదు, ఆరు శతాబ్దాలవి. ద్రాక్షసారా, ఆలివ్ నూనె తెచ్చిన కూజాల ముక్కలు. బ్రిటన్‌లో మరెక్కడా ఇన్ని దొరకలేదు. అంటే సరిగ్గా ఆర్థర్ కాలమని చెప్పే రోజుల్లో ఇక్కడ బాగా డబ్బున్న దొర ఎవరో ఉన్నాడు. కార్న్‌వాల్ తగరం ఇచ్చి, బైజాంటియం వైపునుంచి సారా తెప్పించుకున్నాడు. 1998లో మురుగుకాలువ మీద మూతగా వేసిన ఒక పలకరాయి దొరికింది. దానిమీద ఆరో శతాబ్దపు గీతలతో "ఆర్టోగ్నౌ" అని ఒక పేరు. పేపర్లన్నీ ఆర్థర్ రాయి దొరికిందని ఎగిరాయి. అది ఆర్థర్ పేరు కాదని పండితులు చెప్పారు.

ఈ కుండపెంకుల సంగతి విన్నాకే మామయ్యగారి మొహంలో వెలుగొచ్చింది. "సరుకు ఇచ్చి సరుకు తెచ్చుకున్నాడు. ఇది నమ్ముతాను."

కొండ చివర ఎనిమిదడుగుల కంచు విగ్రహం ఉంది. 2016లో పెట్టారు. గాలోస్ దాని పేరు, కోర్నిష్‌లో శక్తి అని అర్థం. కిరీటం, కత్తి, చిరిగిన అంగీ. చిరుగుల్లోంచి అవతలి సముద్రం కనపడుతుంది. ముందునుంచి చూస్తే మనిషి, పక్కకి జరిగితే సగం గాలి. ఈ దిగువనే ఒడ్డున రాతి మీద అదే ఏడాది చెక్కిన మెర్లిన్ మొహమూ ఉంది. చరిత్ర స్థలాన్ని డిస్నీలాండ్ చేస్తున్నారని అప్పట్లో స్థానికులు గొడవపడ్డారు. మొహం సంగతి నాకూ నచ్చలేదు కానీ విగ్రహం మాత్రం చూసి తీరాలి.

తిరిగి ఊళ్ళోకొచ్చి పాస్టీ కొన్నాం. గనుల్లో పనిచేసే కార్మికులు జేబులో పెట్టుకుపోయే తిండి. అచ్చం మన కజ్జికాయ ఆకారం, అంచు అలాగే మెలేసి ఉంటుంది. కాకపోతే అరచేతికి మించిన సైజు, తీపి ఉండదు. మాది చీజ్, ఉల్లిపాయ. మామయ్యగారు ఒక కొస కొరికి, ఊదుకోవడానికి నోటికి దూరంగా పట్టుకున్నారు. వెనకనుంచి ఒక తెల్లటి సీగల్ వచ్చి పాస్టీ మొత్తం ఎగరేసుకుపోయింది. వేళ్ళ మధ్య కాగితం మిగిలింది. పక్క బల్ల మీదున్న పెద్దావిడ నవ్వాపుకోలేక సారీ చెప్పింది. చివరికి పులిహోరే దిక్కయింది.

మర్నాడు తిరుగుదారిలో గ్లాస్టన్‌బరీ. టౌను మీద కొండలా లేచే టార్, పైన ఒంటరి గోపురం దూరంనుంచే కనిపిస్తుంది. మేము ఎక్కలేదు. మఠం శిథిలాల్లోకి వెళ్ళాం. గడ్డి మధ్యలో రాళ్ళ అంచు వేసిన దీర్ఘచతురస్రం, ఆర్థర్ సమాధి స్థలమని బోర్డు.

1184లో ఈ మఠం కాలిపోయింది. మళ్ళీ కట్టడానికి డబ్బిస్తున్న రెండో హెన్రీ 1189లో పోయాడు. ఆయన కొడుకు రిచర్డ్ డబ్బంతా క్రూసేడ్ యుద్ధాలకి మళ్ళించాడు. 1191లో సన్యాసులు తవ్వితే తొలిచిన ఓక్ మానులో పెద్ద మగమనిషి ఎముకలు, ఒక ఆడమనిషి ఎముకలు, ఇక్కడ ఆర్థర్ ఉన్నాడని రాసిన సీసపు శిలువ దొరికాయి. ఆమె బంగారు జడ చెయ్యి తగలగానే పొడైపోయిందట.

మామయ్యగారు బోర్డు ముందు నిలబడి వేళ్ళు మడిచారు. "గుడి కాలింది. చందాలు ఆగాయి. రెండేళ్ళకి సమాధి దొరికింది. నేనైనా తవ్వుదును."

ఇంకో లాభం కూడా ఉంది. ఆర్థర్ చావలేదు, మళ్ళీ వస్తాడు అని వేల్స్ జనం నమ్మేవాళ్ళు, మన వీరభోగ వసంతరాయలు వస్తాడన్నట్టు. అలాంటి నమ్మకం ఏలేవాడికి ప్రమాదం. వేల్స్ మీద దండెత్తుతున్న మొదటి ఎడ్వర్డ్ 1278లో రాణితో సహా ఇక్కడికొచ్చి, ఆ ఎముకలు పైకి తీయించి, నల్ల చలువరాతి సమాధిలో ఘనంగా మళ్ళీ పెట్టించాడు. గౌరవమే. మీ రాజు పోయాడు, చూసుకోండి అని చెప్పడమూ. ఆర్థర్ ఎవరిమీద పోరాడాడంటారో ఆ శాక్సన్ల పేరు చెప్పుకునే ఇంగ్లండే ఆయన్ని సొంతం చేసుకుంది. 1539లో మఠం మూసేశారు, ఎముకలూ పోయాయి.

వించెస్టర్‌కి తర్వాతి శనివారం వెళ్ళాం, ఈసారి మా ఆవిడ కూడా వచ్చింది. కోట పోయి దాని గ్రేట్ హాల్ ఒక్కటే మిగిలింది. పడమటి గోడకి, ఆర్థర్ తన వీరులతో కూర్చునేవాడని కథలో చెప్పే గుండ్రటి బల్ల వేలాడుతోంది. అయిదున్నర మీటర్ల అడ్డం, పన్నెండొందల కిలోల ఓక్ చెక్క. 1976లో పరీక్షిస్తే ఇదీ పదమూడో శతాబ్దపు చెక్కేనని తేలింది. రంగులు ఎనిమిదో హెన్రీ వేయించాడు. మధ్యలో ఆయన వంశపు గులాబి, పైన కూర్చున్న ఆర్థర్ మొహమూ హెన్రీలాగే ఉంటుంది. గుండ్రటి బల్ల కథలోకి వచ్చింది 1155లో, వేస్ అనే కవి చేతిలో. ఎవడు పైన, ఎవడు కింద అని దొరలు కొట్టుకోకుండా.

"బ్రహ్మనాయుడి చాపకూడు" అన్నారు మామయ్యగారు వెంటనే. కాలం కూడా దాదాపు అదే. పల్నాటి యుద్ధం ఆ శతాబ్దం చివర్లో. శ్రీనాథుడు దాన్ని కావ్యం కట్టింది రెండు శతాబ్దాలు దాటాక. కార్తీకంలో కారంపూడి వీరుల తిరునాళ్ళకి ఏటా వెళ్ళే మనిషికి ఇదంతా నేను చెప్పక్కర్లేదు. కానీ ఇక్కడ కూర్చునేది గుర్రాలూ కత్తులూ ఉన్న దొరలే, చాప మీదికి మాల కన్నమదాసు కూడా వచ్చాడు అని ఆయనే అన్నారు.

బల్ల చుట్టూ ఆర్థర్ వీరులు 24 మంది పేర్లున్నాయి. మా ఆవిడ ఫోన్‌లో ఫోటో పెద్దది చేసి ఒక్కొక్కటే చదివి వినిపించింది. రాజుకి ఒక పక్కన గలహాడ్. రెండో పక్కన మోర్డ్రెడ్.

"మోర్డ్రెడ్ ఎవరు?"

ఆర్థర్ మీద తిరగబడి, చివరి యుద్ధంలో ఆయన్ని చావుదెబ్బ కొట్టినవాడు అని చెప్పాను.

మామయ్యగారు మెడ నొప్పి పుట్టేదాకా పైకే చూశారు. "పక్కనే వేశారా పీట! మన చాపకూడులో నాయకురాలికి ఆకు వెయ్యలేదమ్మా" అన్నారు కూతురితో.